వంద కన్నుల నిర్మాత

ఆ ఛాయాచిత్రంలో చూడగానే కంటబడే విశేషమేమీ లేదు. ఒక కాపలా మంచె, దానిమీద నిలబడి దిగువనున్న శిబిరాన్ని కనిపెట్టి చూస్తున్న ఒక మనిషి, అతని తలమీద ఒక టోపీ. చిక్కంతా ఆ టోపీతోనే వచ్చింది. అది జర్మన్ సైనికుల టోపీ కాదు, ఫ్రెంచి రక్షకభటులది. ఆ శిబిరం ఉన్న ఊరు పితివియే, ఫ్రాన్సు దేశంలోనిదే. రెండవ ప్రపంచయుద్ధ కాలంలో యూదులను ఆష్విట్జ్‌కు తరలించేముందు అక్కడ బంధించి ఉంచేవారు. వారికి కాపలా కాసినవారు ఫ్రెంచివారు. యుద్ధం ముగిసి పదేళ్ళు గడిచినా ఆ మాట పైకి అనడం అక్కడ ఎవరికీ రుచించేది కాదు.

అలాఁ రెనే దర్శకత్వం వహించిన 'రాత్రి, పొగమంచు' అనే 32 నిమిషాల డాక్యుమెంటరీ చిత్రంలో ఆ బొమ్మ తెరపై నిలిచేది కొద్ది క్షణాలే. దాన్ని తొలగిస్తేనే అనుమతిపత్రం ఇస్తామని సెన్సారువారు పట్టుబట్టారు. దర్శకుడు ఒప్పుకోలేదు. అనుమతిపత్రం లేని చిత్రం డబ్బాలో పడి ఉండవలసిందే. డబ్బాలో పడి ఉన్న చిత్రానికి వడ్డీ కట్టవలసినవాడు నిర్మాత. వాదోపవాదాలు సాగిసాగి చివరకు ఒక విచిత్రమైన రాజీ కుదిరింది. బొమ్మ ఉంటుంది, మనిషి ఉంటాడు, మంచె ఉంటుంది. టోపీ మీదుగా మాత్రం ఒక దూలాన్ని చిత్రించి కప్పివేస్తారు. దశాబ్దాల తరువాత చిత్రాన్ని పునరుద్ధరించినప్పుడు గాని ఆ దూలం తొలగిపోలేదు.

కథ అంతటితో ముగియలేదు. 1956లో కాన్ చలనచిత్రోత్సవానికి ఆ చిత్రం ఎంపిక కాగా, పశ్చిమ జర్మనీ రాయబార కార్యాలయం అభ్యంతరం చెప్పింది. మిత్రదేశాన్ని నొప్పించరాదని ఫ్రెంచి ప్రభుత్వం దాన్ని పోటీనుండి ఉపసంహరించింది. పత్రికలు గోలపెట్టాయి. ఏ చిత్రాన్ని జనానికి చూపరాదనుకున్నారో దాని పేరు జనానికి తెలిసిపోయింది. ఆ ఏడాదే దానికి జాఁ వీగో బహుమానం లభించింది. నిర్బంధ శిబిరాలలో తల్లిదండ్రులను పోగొట్టుకున్న కవి పాల్ సెలాన్ ఆ చిత్ర వ్యాఖ్యానాన్ని జర్మన్ భాషలోకి అనువదించాడు. ఫ్రెంచిలో దాన్ని రాసిన జాఁ కైరోల్ స్వయంగా మౌట్‌హౌజెన్ శిబిరంనుండి ప్రాణాలతో బయటపడినవాడు. మూలరచయితా, అనువాదకుడూ ఇద్దరూ ఒకే చీకటిని దాటి వచ్చిన సందర్భాలు సాహిత్యచరిత్రలో అరుదు.

సెన్సారుతోనూ, దౌత్యవేత్తలతోనూ ఆ తొలి గండం గడిచిన నిర్మాతల్లో ఒకడి పేరు అనతోల్ దోమాన్. 1925 ఫిబ్రవరి 7న వార్సా నగరంలో ఒక యూదు కుటుంబంలో పుట్టి, ఫ్రాన్సులో స్థిరపడి, 1949లో ఫిలిప్ లిఫ్షిట్స్ అనే సహచరుడితో కలిసి 'ఆర్గోస్ ఫిల్మ్స్' అనే సంస్థను నెలకొల్పాడు. మన ఇంద్రుడికి వేయి కన్నులైతే, గ్రీకు పురాణాలలో ఆర్గోస్ అనే కాపలాదారుకు వంద కన్నులు. నిద్రపోయినా కొన్ని తెరుచుకునే ఉంటాయట. సంస్థ ముద్రగా గుడ్లగూబ వెలసింది. ప్రపంచ సినిమాను శ్రద్ధగా చూసేవారికి ఆ గుడ్లగూబ పాత పరిచయమే. దాని వెనుక ఉన్న మనిషిని ఎరిగినవారు తక్కువ.

నిర్మాత అనగానే డబ్బుసంచి పట్టుకుని సెట్టు పక్కన కుర్చీలో కూర్చునే పెద్దమనిషి మనసులో మెదులుతాడు. దోమాన్ వంటి స్వతంత్ర నిర్మాత చేతిలో సంచి ఉండదు. ఉంటే గింటే అది ఖాళీ సంచి. దాన్ని నింపుకోవడమే ఆయన వృత్తి. సొంత స్టూడియో లేదు, జీతానికి కట్టిపడేసిన తారలు లేరు. ఒక ఊహను నమ్ముకుని, దానికోసం ప్రభుత్వ సంస్థను కొంత, పంపిణీదారును కొంత, పొరుగు దేశపు సంస్థను కొంత ఒప్పించి, మిగిలిన గుంతను అప్పుతో పూడ్చుకోవాలి. సినిమా ఆడితే పేరు దర్శకుడిది. ఆడకపోతే అప్పు నిర్మాతది.

ఆయన మొదలుపెట్టినది లఘుచిత్రాలతో. గోయా, వాతో వంటి చిత్రకారులమీద తీసిన చిన్న చిత్రాలు ఆర్గోస్ తొలి పంట. ఆ రోజుల్లో ఫ్రాన్సులో పెద్ద సినిమాకు ముందు ఒక లఘుచిత్రం వేయడం ఆనవాయితీ. 1953లో ప్రభుత్వం ఆ రక్షణను సడలించబోగా లఘుచిత్రకారులు 'ముప్పైమంది బృందం' పేరిట ఏకమై ఎదురుతిరిగారు. ఫలితంగా, నాణ్యతను చూసి చిన్న చిత్రాలకు ప్రోత్సాహకం ఇచ్చే పద్ధతి వచ్చింది. ఈ చిన్న ఏర్పాటే తరువాతి ఫ్రెంచి సినిమాకు పాఠశాల అయింది. రెనే, క్రిస్ మార్కర్, ఆన్యెస్ వర్దా అందులోనే చేయి తిప్పుకున్నారు. ముగ్గురూ ఆర్గోస్ గడప తొక్కినవారే. మార్కర్ తీసిన 'సైబీరియానుండి ఉత్తరం'లో యాకుట్‌స్క్ వీధి దృశ్యం ఒకటే మూడుసార్లు వస్తుంది. మూడుసార్లూ మూడు వేర్వేరు వ్యాఖ్యానాలు. మొదటిది సోవియట్ వ్యవస్థను పొగుడుతుంది, రెండవది తెగడుతుంది, మూడవది తటస్థంగా ఉంటుంది. బొమ్మ అబద్ధమాడదనే నమ్మకాన్ని అంత సులువుగా, అంత నవ్వుతూ పడగొట్టిన మరొక ఉదాహరణ దొరకదు.

'రాత్రి, పొగమంచు' తరువాత అణుబాంబుమీద అటువంటిదే మరొక డాక్యుమెంటరీ తీయాలన్న ప్రతిపాదన రెనే ముందుకు వచ్చింది. రెనే కొన్ని నెలలు తంటాలు పడ్డాడు. జపానువారే తీసిన చిత్రాలు చూసినకొద్దీ తాను కొత్తగా చెప్పగలిగినది లేదనీ, తీస్తే తన పాత చిత్రాన్నే మళ్ళీ తీసినట్టవుతుందనీ ఆయనకు తోచింది. వెనక్కి తగ్గడానికి అది మంచి సమయం. చాలామంది నిర్మాతలు తగ్గేవారే. అలాకాక, ఆ పథకం కథాచిత్రంగా మారింది. రచనకు నవలా రచయిత్రి మార్గరిత్ ద్యురాస్ వచ్చింది. జపానుకు చెందిన డాయెయి సంస్థ పెట్టుబడిలో భాగం పంచుకుంది. ఉమ్మడి నిర్మాణమన్నందుకు షరతులు ఉండనే ఉన్నాయి: ఒక పాత్ర ఫ్రెంచివారిది, ఒక పాత్ర జపానువారిది, చిత్రీకరణ రెండు దేశాలలోనూ జరగాలి. వ్యాపారపు కాగితంమీద పుట్టిన ఈ షరతునే ద్యురాస్ కథకు ప్రాణంగా మలచింది. హిరోషిమాలో ఒక జపాను పురుషుడు, ఒక ఫ్రెంచి స్త్రీ. ఆమె జ్ఞాపకాలలో నెవేర్ అనే చిన్న ఫ్రెంచి పట్టణం. కథానాయకుడు ఎయిజీ ఒకాడాకు ఫ్రెంచి రాదు. ధ్వనులను కంఠస్థం చేసి సంభాషణలు పలికాడు. ఆ మాటల్లో ఒక విధమైన ఆచితూచిన బరువు వినిపిస్తుంది. అది నటన అనుకుని మెచ్చుకున్నవారున్నారు. మెచ్చుకోవడంలో తప్పు లేదు.

1959లో 'హిరోషిమా, నా ప్రేమ' కాన్‌కు వెళ్ళింది. ఈసారి అమెరికావారి మనసు నొచ్చుకుంటుందన్న భయం అడ్డువచ్చింది. పోటీ వెలుపల ప్రదర్శించారు. అంతర్జాతీయ విమర్శకుల బహుమానం మాత్రం ఆపలేకపోయారు. ద్యురాస్ రచన ఆస్కార్ పరిశీలనకు కూడా వెళ్ళింది.

అదే 1959లో ఫ్రెంచి ప్రభుత్వం కథాచిత్రాలకు 'రాబడిమీద ముందస్తు' అనే పద్ధతిని ప్రవేశపెట్టింది. చిత్రం తీయకముందే, కథను చదివిన సంఘం మెచ్చుకుంటే కొంత సొమ్ము ముందుగా ఇస్తారు. చిత్రానికి రాబడి వస్తే తిరిగి కట్టాలి. మన దేశంలో 1960లో ఏర్పడి, 'భువన్ షోమ్' వంటి చిత్రాలకు అప్పిచ్చిన ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్‌ను ఇది గుర్తుకు తెస్తుంది. తేడా ఏమంటే, ఫ్రాన్సులో అప్పట్లో ఆ సొమ్ముకు మూలం చాలావరకు సినిమా టిక్కెట్లమీది పన్నే. హాలీవుడ్ చిత్రం చూసినవాడి జేబునుండి కూడా చిల్లర రాలి ఫ్రెంచి చిత్రానికి చేరుతుంది.

అరవైలలో ఆర్గోస్ పేరు కనిపించే చిత్రాల జాబితా చదివితే అది ఒక నిర్మాత జాబితాలా కాక, చలనచిత్ర విద్యార్థుల పాఠ్యప్రణాళికలా ఉంటుంది. జాఁ రూష్, ఎడ్గార్ మొరాఁ 1960 వేసవిలో టేప్ రికార్డరు పట్టుకుని ప్యారిస్ వీధుల్లో పడి, మీరు సుఖంగా ఉన్నారా అని దారినపోయేవారిని అడిగించారు. అది 'ఒక వేసవి వృత్తాంతం' అయింది. అందులో శిబిరంనుండి బతికివచ్చిన మార్సెలిన్ అనే యువతి నగర వీధుల్లో ఒంటరిగా నడుస్తూ, వెనక్కి తిరిగిరాని తండ్రితో తనలో తాను మాట్లాడుకునే ఘట్టం మరపునకు రాదు. మార్కర్ 1962లో 'లా జెతే' తీశాడు: సుమారు 28 నిమిషాలు, దాదాపు అన్నీ కదలని ఛాయాచిత్రాలే, ఒకేఒక్కచోట ఒక స్త్రీ కళ్ళు తెరుస్తుంది. ముప్పై ఏళ్ళ తరువాత హాలీవుడ్ ఆ ఆలోచననే తీసుకుని '12 మంకీస్' అనే భారీ చిత్రం చేసింది. గొదార్ మోపాసా కథలు రెండు ఆధారంగా ఒక చిత్రం మొదలుపెట్టి 1966లో 'మాస్క్యులాఁ ఫెమినాఁ' తెచ్చి ఇచ్చాడు. అందులో మోపాసాను వెదకాలంటే భూతద్దం కావాలి. రొబేర్ బ్రెస్సోఁ ఒక గాడిద జీవితాన్ని తీస్తానన్నప్పుడు కూడా మరో నిర్మాత్రి మాగ్ బొదార్‌తో కలిసి ఆర్గోస్ భాగం పంచుకుంది. ఆ గాడిద చిత్రం 'బాల్తజార్'. నాయకుడు గాడిద అని చెప్పి డబ్బు అడగడం ఎంతటి సాహసమో సినిమావారికే తెలుస్తుంది.

గౌరవం పెరిగింది గాని, గౌరవం బ్యాంకువాడు పుచ్చుకోడు. డెబ్బైలలో దోమాన్ మరొక దారి పట్టాడు. పోలెండ్‌నుండి వచ్చిన వలేరియన్ బొరోవ్‌చిక్ చేత 1974లో 'నీతి లేని కథలు' తీయించాడు. ఫ్రాన్సులో సెన్సారు పట్టు సడలుతున్న తరుణం. నాలుగు శృంగార కథల ఈ చిత్రం విపరీతంగా ఆడింది. ఇది కళ అని కొందరు, కళ ముసుగు వేసుకున్న వ్యాపారమని కొందరు. రెండవ మాటలోనూ నిజం లేకపోలేదు. ఆర్గోస్ జాబితాలో కాలానికి వన్నె తగ్గినవి ఏవంటే ముందుగా చెప్పవలసినవి ఈ తరహా చిత్రాలే.

అయితే ఈ దారిలోనే దోమాన్ జీవితంలోకెల్లా పెద్ద సాహసం ఎదురయింది. 1972లో జపాను దర్శకుడు నగీసా ఓషిమా ప్యారిస్ వచ్చినప్పుడు, స్త్రీపురుషుల దేహసంబంధాన్ని దాపరికం లేకుండా చూపే చిత్రం ఒకటి తీయగలవా అని దోమాన్ అడిగాడు. ఓషిమా వెంటనే బదులు చెప్పలేదు. ఆయన మనసులో ఉన్నది 1936లో టోక్యోలో జరిగిన ఒక యథార్థ ఘటన. అబే సదా అనే పనిమనిషి, తన యజమానితో మోహంలో మునిగిపోయి, చివరకు అతన్ని తన చేతులతోనే చంపి, ఆ దేహాన్ని ఛిద్రం చేసింది. సైనిక నియంతృత్వం దేశాన్ని కమ్ముకుంటున్న సంవత్సరమది. వీధిలో కవాతు సాగుతుండగా ఎదురుగా ఒంటరిగా నడిచిపోయే ప్రియుడు, గదిలో ఇద్దరే మనుషులు, లోకానికి తలుపు మూత: ఈ పోలికనే ఓషిమా చిత్రానికి వెన్నెముక చేశాడు.

కథ సరే, తీయడం ఎలా? జపాను చట్టం ప్రకారం అటువంటి దృశ్యాలున్న ఫిలిమును అక్కడి ప్రయోగశాలలో కడిగితే పోలీసులు వచ్చి కూర్చుంటారు. ఇద్దరూ కలిసి పన్నిన ఉపాయం చట్టమెరిగిన వకీలు ముచ్చటపడేటటువంటిది. ముడి ఫిలిం ఫ్రాన్సునుండి జపానుకు వెళ్ళింది. క్యోటోలో తలుపులు బిగించిన స్టూడియోలో చిత్రీకరణ సాగింది. కడగని నెగెటివు డబ్బాలు అలాగే విమానమెక్కి ఫ్రాన్సుకు తిరిగివచ్చాయి. కడగడం, కూర్పు అన్నీ ఫ్రాన్సులోనే. కడగని ఫిలిం మీద ఏముందో చూసి చెప్పగల అధికారి ఏ దేశంలోనూ లేడు. జపానువారు తీసిన, జపాను భాషలో మాట్లాడే, జపాను కథ చట్టరీత్యా ఫ్రెంచి చిత్రంగా పుట్టింది. జపాను ప్రేక్షకుడికి అది విదేశీ సరుకుగా, మధ్యమధ్య మసక తెర కప్పుకుని చేరింది.

పేరు విషయం ఒకటి చెప్పుకోవాలి. జపాను భాషలో దాని పేరు 'ఆయి నో కొరీదా'. ప్రేమ అనే ఎద్దుల పోరు అని అర్థం. ఫ్రెంచి పేరు 'లాంపీర్ దె సాన్స్', ఇంద్రియాల సామ్రాజ్యం. అంతకు కొన్నేళ్ళ ముందు 1970లో రొలాఁ బార్త్ జపానుమీద రాసిన 'లాంపీర్ దె సీన్య్', సంకేతాల సామ్రాజ్యం, చదువుకున్న ఫ్రెంచివారి చేతుల్లో ఉండేది. ఒక్క మాట మార్చి ఆ పుస్తకాన్ని చమత్కారంగా పలకరించడం ఆ పేరులోని సొగసు. మరొక భాషలోకి వెళ్ళగానే ఆ సొగసు ఆవిరైపోతుంది, తెలుగులోనూ అంతే.

1976లో కాన్‌లో ప్రధాన పోటీలో కాక దర్శకుల పక్షోత్సవంలో ఆ చిత్రాన్ని వేశారు. జనం తోసుకువచ్చారు, మళ్ళీమళ్ళీ ప్రదర్శించవలసి వచ్చింది. ఆ శరత్కాలంలో న్యూయార్క్ ఉత్సవంలో పత్రికలవారికి చూపిన వెంటనే అమెరికన్ కస్టమ్స్ అధికారులు అడ్డుపడ్డారు. స్వదేశంలో ఓషిమామీద అభియోగం నడిచింది, అదీ చిత్రానికి కాదు. చిత్రం విదేశీయం కదా! చిత్రకథనూ, కొన్ని బొమ్మలనూ కలిపి వేసిన పుస్తకం అశ్లీలమన్నారు. న్యాయస్థానంలో ఓషిమా తప్పించుకోజూడలేదు. అశ్లీలమైతే తప్పేమిటి అని వాదించాడు. 1979లో నిర్దోషి అని తీర్పు వచ్చింది. 1982లో పై న్యాయస్థానం దాన్నే ఖాయపరచింది. అయినా 2000లో జపానులో మళ్ళీ విడుదలైనప్పుడు సయితం మసక తెర పూర్తిగా తొలగలేదు.

ఇక్కడ న్యాయంగా ఒక మాట అనుకోవాలి. ప్యారిస్‌లో కూర్చున్న నిర్మాతకు ఈ వివాదం ప్రచారం. టోక్యోలో దర్శకుడికి అది ఏళ్ళతరబడి కోర్టు గుమ్మం. చిత్రంలో నాయిక పాత్ర ధరించిన ఎయికో మత్సుదా స్వదేశంలో ఎదుర్కొన్న నిందలు నాయకుడికి ఎదురుకాలేదు. అతడు తారగానే కొనసాగాడు. సాహసపు ఖర్చు అందరి లెక్కల్లోనూ సమానంగా పడదు. ఓషిమాతో దోమాన్ మైత్రి మాత్రం నిలిచింది. 1978లో వారి రెండవ చిత్రం 'మోహ సామ్రాజ్యం' కాన్‌లో ఉత్తమ దర్శకుడి బహుమానం గెలుచుకుంది.

తరువాతి పదేళ్ళు ఆయనకు అనుకూలించాయి. ఉమ్మడి నిర్మాతగా పాలుపంచుకున్న 'టిన్ డ్రమ్' 1979లో కాన్ అత్యున్నత బహుమానాన్ని పంచుకుని, తరువాత ఆస్కార్ కూడా తెచ్చుకుంది. విమ్ వెండర్స్ 'ప్యారిస్, టెక్సాస్' 1984లో అదే శిఖరాన్ని ఒంటరిగా అందుకుంది. పోలెండ్‌లో పుట్టిన ఫ్రెంచివాడు, జర్మన్ దర్శకుడు, అమెరికా ఎడారి: ఆ చిత్రం ఏ దేశానిది అని అడిగితే చెప్పడం కష్టం. 1987లో బెర్లిన్ గోడ నీడలో తీసిన 'బెర్లిన్ పైన ఆకాశం' వెండర్స్‌కు దర్శకత్వ బహుమానం ఇప్పించింది.

నడుమ 1985లో, మాతృభూమికి దూరమైన తార్కోవ్‌స్కీ స్వీడన్‌లోని గోట్‌లాండ్ దీవిలో 'బలి' చిత్రాన్ని తీశాడు. స్వీడన్ వారితో ఆర్గోస్ చేయి కలిపింది. చివరి ఘట్టంలో ఇల్లు తగలబడాలి, అదీ కోత లేకుండా ఒకే షాట్‌లో. నిప్పు పెట్టారు. కెమెరా మొరాయించింది. కళ్ళముందే ఇల్లు బూడిదయింది, ఫిలిం మీద పడవలసినది పడలేదు. మళ్ళీ ఇల్లు కట్టి మళ్ళీ తగలబెట్టారు. నిర్మాత అనేవాడి బతుకును ఇంతకంటె స్పష్టంగా చూపే దృశ్యం ఏ చిత్రంలోనూ ఉండబోదు. 1986లో కాన్‌లో ఆ చిత్రానికి వచ్చిన బహుమానాన్ని, జబ్బుపడిన తండ్రి తరఫున కుమారుడు అందుకున్నాడు. తార్కోవ్‌స్కీ ఆ డిసెంబరు 29న ప్యారిస్‌లో కన్నుమూశాడు.

అరవై దాటిన వయసులో దోమాన్ వేసిన చివరి పెద్ద పందెం వెండర్స్‌తోనే. 'ప్రపంచాంతం వరకు' అనే ఆ చిత్రం ఐరోపా, రష్యా, జపాను, అమెరికా, ఆస్ట్రేలియా చుట్టివచ్చింది. వ్యయం రెండు కోట్ల డాలర్లు దాటింది. లఘుచిత్రాలకు వచ్చే ప్రోత్సాహకంతో బతుకు ప్రారంభించిన సంస్థకు అది మోయరాని బరువు. వెండర్స్ కూర్చిన ప్రతి చాలా గంటలది. పంపిణీదారులు అంత నిడివిని సహించరు. 1991లో కుదించిన రూపం విడుదలై ఘోరంగా విఫలమైంది. దర్శకుడు తన దీర్ఘరూపాన్ని భద్రంగా దాచుకున్నాడు. సుమారు అయిదు గంటల ఆ ప్రతిని మొదటిదానికంటె మెరుగైనదని విమర్శకులు తరువాత మెచ్చుకున్నారు. మెచ్చుకోలు నిర్మాత నష్టాన్ని పూడ్చలేదు.

మిగిలినవి నెగెటివులు. స్వతంత్ర నిర్మాతకు భూమీ పుట్రా అవే. స్టూడియోలు లేకపోయినా ఆర్గోస్ తన చిత్రాల హక్కులను చేజారనివ్వలేదు. పాఠశాలలు, టెలివిజన్ సంస్థలు, ఫిల్మ్ సొసైటీలు వాటిని అడుగుతూనే వచ్చాయి. విడుదలనాడు నాలుగు ఆటలు నిండని చిత్రం నలభై ఏళ్ళు కొద్దికొద్దిగా అద్దె తెస్తుంది. 1989లో ప్యారిస్‌లోని పాంపిడూ కేంద్రం ఆర్గోస్ చిత్రాలమీద ఒక గ్రంథం వెలువరించింది. నిర్మాత పేరున పుస్తకం రావడం ఏ దేశంలోనూ తరచు జరిగే పని కాదు.

1998 ఏప్రిల్ 8న, డెబ్బైమూడవ ఏట, దోమాన్ ప్యారిస్‌లో మరణించాడు. సంస్థ పగ్గాలు కుమార్తె ఫ్లోరెన్స్ దోమాన్ చేతికి వచ్చాయి. ఆమె మొదట పట్టించుకోవలసి వచ్చినది పాత డబ్బాలనే.